రొట్టెకు తండ్రి పేరెందుకు?

ఈ మధ్య రొట్టెలకు పుట్టినతేదీలు వెతికే పని జోరుగా సాగుతోంది. హైదరాబాదు పాతబస్తీలో దొరికే నాలుగు మూలల నాన్‌కి తేదీ ఎప్పుడో దొరికింది. నాలుగో నిజాం నాసిరుద్దౌలా దగ్గర మున్షీగా ఉన్న మహమ్మద్ హుస్సేన్ 1851లో పురానీ హవేలీ దగ్గర దుకాణం పెట్టాడని, అందుకే అది మున్షీ నాన్ అయిందని చెబుతారు. ఉస్మానియా బిస్కెట్ పేరులోనే ఏడో నిజాం కూర్చుని ఉన్నాడు. పావ్ రొట్టె వెనక పోర్చుగీసు వాళ్ళున్నారు. ఇక మిగిలింది మన జొన్నరొట్టె. దానికీ ఒక మూలపురుషుణ్ణి వెతికిపెట్టమని సభల్లో, ఆహారోత్సవాల్లో, సావనీర్ల సంపాదకుల దగ్గర్నుంచి అడుగుతూనే ఉన్నారు. "మీరు పాలమూరు వాళ్ళు కదా, ఏ రాజు కాలంలో మొదలైందో కాస్త రాసిపెట్టండి" అంటారు.

మూలపురుషుడు అనే మాటలోనే ఉంది అసలు సంగతంతా. రొట్టెకు మూలం వెతకడమంటే తండ్రి పేరు వెతకడమన్నమాట. ఇంటిపేరు, గోత్రం, రాజు, దుకాణం, సంవత్సరం దొరికితే అది చరిత్ర. దొరక్కపోతే "అనాదిగా మన పూర్వీకులు" అనే ఒక్క ముక్కతో సరి. ఆ పూర్వీకుల్లో రొట్టె చేసిన వాళ్ళెవరో, తిన్న వాళ్ళెవరో ఎవరూ అడగరు. నేను ఆ ప్రశ్న అడగదలిచాను. జొన్నరొట్టెకు పుట్టుక కథ లేకపోవడం చరిత్రలో జరిగిన పొరపాటు కాదు. కూలి లేని పనికి చరిత్ర ఉండదు. నాన్ బజారులో మగవాళ్ళు డబ్బు కోసం చేసే పని కాబట్టి దానికి ఉస్తాదు ఉన్నాడు, తేదీ ఉంది. రొట్టె ఇంట్లో ఆడవాళ్ళు ఊరికే చేసే పని కాబట్టి అది వాళ్ళ స్వభావం అయిపోయింది. స్వభావానికి తేదీ ఎందుకు?

శ్రీరంగాపూర్ వెళ్ళిన వాళ్ళకి ఈ సంగతి కళ్ళెదుటే కనబడుతుంది. ఇప్పటి వనపర్తి జిల్లాలో, పెబ్బేరుకు దగ్గర్లో ఉన్న ఊరు. రంగనాయకస్వామి గుడి, దాన్ని ఆనుకుని రంగసముద్రం చెరువు. పద్దెనిమిదో శతాబ్దంలో వనపర్తి సంస్థానాధీశులు గుడి కట్టించారని ఎవర్నడిగినా చెబుతారు. కట్టించిన వంశం పేరు తెలుసు. దేవుడు ఇక్కడికెలా వచ్చాడో తెలుసు, దానికో కలా, ఒక గద్దా ఉన్న స్థలపురాణం కూడా ఉంది. ఆ చెరువు మట్టి ఎత్తిన వాళ్ళు పొద్దున ఏం తిని వచ్చారో, ఆ తిండి ఎవరు కోడికూతకు లేచి చేశారో చెప్పే పురాణం మాత్రం లేదు. వైష్ణవాలయాల్లో ప్రసాదం పులిహోర, దద్ధ్యోజనం. అంటే దేవుడిది వరి అన్నం. చుట్టూ ఊళ్ళన్నీ జొన్నతో బతికిన నేలలో దేవుడు మాత్రం జొన్న ముట్టలేదు. ఇది కూడా రొట్టె చరిత్రలో భాగమే. ఎవరు ఏం తింటారన్నది నాలుక నిర్ణయించే సంగతి కాదు.

ఆ ఊరివైపు ఒక పెద్దామెను రొట్టె చేయడం ఎవరు నేర్పారని అడిగాను. అమ్మ పేరో, అవ్వ పేరో చెబుతుందనుకున్నాను. ఆమె పీట మీంచి చేయి ఎత్తకుండానే, "ఎవలు నేర్పుతరు బిడ్డా? నేను రొట్టె కొట్టకుంటే నన్ను కొడుతుండె" అంది. పక్కనున్న ఆడవాళ్ళు నవ్వారు. అందరూ నవ్వారంటే అందరికీ తెలిసిన సంగతన్నమాట. కొట్టడం అనే ఒక్క క్రియలో రెండు పనులు. మన ఆహార సంస్కృతి మీద వచ్చే ప్రత్యేక సంచికల్లో ఈ వాక్యానికి చోటుంటుందా?

ఇప్పుడు రొట్టె ఎలా అవుతుందో చూద్దాం. గోధుమపిండిలో నీళ్ళు కలిపితే గ్లూటెన్ అనే మాంసకృత్తు సాగే గుణం ఇస్తుంది. అందుకే చపాతీ కర్ర కింద సాగుతుంది, నాన్ తందూరు గోడకు అతుక్కుంటుంది, బేకరీ బన్ను ఉబ్బుతుంది. జొన్నలో గ్లూటెన్ లేదు. చన్నీళ్ళతో కలిపి ఒత్తితే పిండి విరిగిపోతుంది. మరి రొట్టె ఎలా అయింది? మసిలే నీళ్ళు పోయడం వల్ల. మసిలే నీళ్ళకి పిండిలోని గంజి ఉడికి జిగురు పడుతుంది. ఆ జిగురు ఉండగానే, చేయి కాలుతుండగానే అరచేత్తో మర్దించాలి. ఎంత మర్దిస్తే అంత అంచు పగలదు. పొడిపిండి చల్లి, అరచేత్తో కొడుతూ, ప్రతి దెబ్బకీ కొంచెం తిప్పుతూ పలచన చేయాలి. పెంక మీద వేశాక పైన నీళ్ళు తడమాలి. ఆ తడి ఆరీ ఆరకముందే తిప్పాలి. తర్వాత నిప్పుల దగ్గర నిలబెడితే పొంగుతుంది. పిండి ఇసిరి చాలా రోజులైతే జిగురు తగ్గుతుంది. అందుకే ఇసుర్రాయి ప్రతిరోజూ తిరగాల్సిందే. పచ్చజొన్నకు ఒక పదును, తెల్లజొన్నకు మరో పదును.

సాగని పిండిని సాగదీసే ఉపాయం ఇది. ప్రయోగశాలలో కనిపెట్టి ఉంటే దానికొక పేటెంటు, కనిపెట్టినాయన పేరు మీద ఒక అవార్డు ఉండేవి. ఆడవాళ్ళ చేతుల్లో ఉంది కాబట్టి 'చేతివాటం' అన్నారు. మగవాడి చేతిలో ఉంటే విద్య, ఆడదాని చేతిలో ఉంటే వాటం.

లెక్క కూడా చూద్దాం. ఆరుగురున్న ఇంట్లో మనిషికి రెండు చొప్పున పూటకు 12 రొట్టెలు. రెండు పూటలకు 24. ఏడాదికి 8,760. పెళ్ళయిన పదిహేనో ఏటి నుంచి నలభై ఏళ్ళు చేసిందనుకుంటే 3,50,400. ఒక్కొక్కటీ విడిగా కొట్టి, విడిగా కాల్చి, వేడిగా వడ్డించినవి. ఆమె వంతు వచ్చేసరికి చల్లారిపోయినవి. ఇన్ని లక్షల పద్యాలు రాసిన కవి తెలుగులో ఎవరైనా ఉన్నారా?

కవుల మాట వచ్చింది కాబట్టి సాహిత్యం సంగతి కూడా మాట్లాడుకోవాలి. అది నా రంగం. జొన్నకూడు తెలుగు సాహిత్యంలో బాగా పేరుమోసింది ఎగతాళిగానే. శ్రీనాథుడి పేర చెలామణి అయ్యే పల్నాటి చాటువులు మనమందరం తరగతి గదుల్లో నవ్వుతూ చదువుకున్నవే. కృష్ణుడినే పిలిచి, పూతన పాలు తాగినవాడివి, నిప్పు మింగినవాడివి, ఈ జొన్నకూడు ఒక్క ముద్ద మింగి చూడు అని సవాలు చేసే పద్యం ఎంత చమత్కారమో మేష్టార్లు విడమరిచి చెప్పారు. రాజుల పళ్ళెంలో సన్నన్నానికి అలవాటుపడిన నోటికి బీదవాళ్ళ తిండి ఎక్కలేదు, పద్యం వచ్చింది. ఆ ముద్ద వండి పెట్టినామె ఎవరు? జొన్న దంచి, ఇసిరి, వండి, పరాయి ఊరి నుంచి వచ్చిన ఆ మనిషికి వడ్డించినామెకు ఆ పద్యం వినబడి ఉంటే ఏమనేది? ఇన్ని వందల ఏళ్ళలో ఈ ప్రశ్న ఒక్క పాఠంలోనూ రాలేదు.

మా జిల్లాల సాహిత్య చరిత్రకు ఇష్టమైన మాట 'పోషణ'. గద్వాలకు విద్వద్గద్వాల అని పేరు. గద్వాల, వనపర్తి, ఆత్మకూరు సంస్థానాలు కవుల్ని పోషించాయి, తిరుపతి వెంకట కవులు వచ్చి అవధానాలు చేసి సన్మానాలు అందుకున్నారు. దాని మీద సిద్ధాంత గ్రంథాలున్నాయి. సంస్థానాలు సాహిత్యాన్ని పోషించాయి, సరే. సంస్థానాల్ని పోషించిందెవరు? జొన్న పండించి శిస్తు కట్టిన వాళ్ళు. తెలంగాణ వెట్టి చాకిరీలో దొరల ఇళ్ళల్లో దంచుడు, ఇసురుడు ఆడవాళ్ళ వంతు. పోషణ అనే మాటకు అసలు అర్థం తిండి పెట్టడం. ఆ అర్థంలో చూస్తే మన సంస్థానాల సాహిత్య పోషకులు ఇసుర్రాయి ముందు కూర్చున్న ఆడవాళ్ళే.

గద్వాల సీమకే చెందిన సురవరం ప్రతాపరెడ్డి గారు 1949లో 'ఆంధ్రుల సాంఘిక చరిత్ర' అచ్చువేశారు. రాజుల చరిత్ర పక్కనపెట్టి, జనం ఏం తిన్నారు, ఏం కట్టారు, ఏం ఆడారు అని అడిగిన తొలి పెద్ద పుస్తకం అది. ఆ రుణం తీరనిది. అయితే ఆయన ఆధారాలు ప్రధానంగా కావ్యాలు. కావ్యాలు రాసింది భోజనం ముందు కూర్చున్న మగవాళ్ళు. అందుకని తిండి చరిత్రలో వడ్డన దాకా తెలిసింది, పొయ్యి దాకా తెలియలేదు. 1950లలో బిరుదురాజు రామరాజు గారు జానపద గేయాలకు విశ్వవిద్యాలయంలో పీట వేశారు. తిరగలి పాట, రోకటి పాట సాహిత్యం అయ్యాయి. పాట సాహిత్యమైంది, పాటతోపాటు రాలిన పిండి మాత్రం ఏమీ కాలేదు. ఇసుర్రాయి బరువు మరిచిపోవడానికి పాడుకున్న పాటను మనం తీసుకుని, బరువును ఆమెకే వదిలేశాం.

నేను పరిశోధన చేస్తున్న రోజుల్లో ఒక సదస్సులో చాటువుల్లో తిండి మీద పత్రం చదివాను. అధ్యక్షస్థానంలో ఉన్న పెద్దాయన, "అమ్మాయ్, కవిత్వంలో రసం చూడాలి గానీ రొట్టెలు లెక్కపెడితే ఎలా?" అన్నారు. సభ ఘొల్లుమంది. మధ్యాహ్నం భోజనాల దగ్గర జొన్నరొట్టెలు పెట్టారు. షామియానా వెనక ఎండలో ఇద్దరు ఆడవాళ్ళు పొయ్యి ముందు కూర్చుని కొడుతున్నారు. అదే పెద్దాయన మూడోసారి రొట్టె వేయించుకుంటూ, "ఇదీ అచ్చమైన మన రుచి" అన్నారు. రుచి మనది, పొయ్యి వాళ్ళది!

ఈ 'అచ్చమైన మన' అనే మాట సంగతీ తేల్చుకోవాలి. జొన్న ఇక్కడ పుట్టలేదు. మనుషులు దాన్ని పంటగా మచ్చిక చేసుకున్న తొలి ఆనవాళ్ళు సుమారు ఐదు వేల ఏళ్ళ నాటివి తూర్పు సూడాన్‌లో దొరికాయి. దాదాపు నాలుగు వేల ఏళ్ళ కింద ఉపఖండానికి చేరింది. సజ్జ పశ్చిమ ఆఫ్రికాది, రాగి తూర్పు ఆఫ్రికా ఎత్తుభూములది. రొట్టెలోకి నూరుకునే కారంలో మిరపకాయ పోర్చుగీసు వాళ్ళ ఓడల వెంట, పదహారో శతాబ్దం నాటికి గానీ రాలేదు. కాబట్టి జొన్నరొట్టెను సనాతనం చేసి, దాన్ని కొట్టే ఆడదాన్ని సంప్రదాయానికి కాపలా పెట్టే వాళ్ళు కొంచెం ఆగాలి. అది వలస వచ్చిన గింజ. వలస పోయే జిల్లాలో నిలదొక్కుకుంది. నాగార్జునసాగర్ మొదలుకుని దేశంలో ఎన్నో ఆనకట్టలకు మట్టి మోసిన పాలమూరు లేబర్ గంపల్లో, గలగలలాడేట్టు ఎండబెట్టిన రొట్టెలుండేవి. గుంపుమేస్త్రీ ఇచ్చిన అడ్వాన్సుకు మగనితోపాటు వెళ్ళిన ఆమె పగలు తట్ట మోసింది, గుడిసె ముందు మూడు రాళ్ళు పెట్టి రాత్రి రొట్టె కొట్టింది. తట్ట మోసినందుకు మగవాడి కన్నా తక్కువ కూలి. 1976లో సమాన వేతన చట్టం వచ్చాక కూడా అంతే. రొట్టె కొట్టినందుకు అసలే లేదు.

ఇప్పుడొస్తున్న అసలు నింద వేరు. "మన ఆడవాళ్ళు రొట్టెలు చేయడం మానేశారు, అందుకే ఇంటింటా షుగర్ వచ్చింది" అంటున్నారు. డాక్టర్లు, ప్రవచనకారులు, ఆహార నిపుణులు అందరిదీ ఒకే పాట. ఐక్యరాజ్యసమితి 2023ను చిరుధాన్యాల సంవత్సరంగా ప్రకటించాక ఈ పాట మరీ హెచ్చింది. ఆడవాళ్ళు మానేశారా? 1983లో రెండు రూపాయలకు కిలో బియ్యం మొదలుపెట్టింది ప్రభుత్వం. అంతకుముందూ ఆ తర్వాతా బోర్లకు అప్పులు, కాల్వల నీళ్ళు, మద్దతు ధరతో కొనుగోళ్ళు అన్నీ వరికే. జూరాల కాల్వలు వచ్చాయి. రంగసముద్రమే భీమా ఎత్తిపోతల జలాశయాల్లో ఒకటయింది. నీళ్ళు రావడం మంచిదే, దశాబ్దాల కరువు చూసిన జిల్లా మాది. కానీ జొన్నచేను వరిమడి అయిన నిర్ణయంలో ఆడదాని మాట ఎక్కడుంది? 2025 ఉగాది నుంచి తెలంగాణలో రేషన్ షాపుల్లో సన్నబియ్యం ఇస్తున్నారు. 2013 ఆహార భద్రత చట్టం కిలో రూపాయికి ముతక ధాన్యాలు ఇవ్వొచ్చని కూడా రాసింది. మన షాపుల్లో మాత్రం బియ్యమే. పొలం, నీళ్ళు, ధర, రేషన్ అన్నీ వరి వైపు తిప్పేసి, పెంక ఎక్కడ పెట్టావని ఆడదాన్ని నిలదీస్తున్నారు.

ఇంకో మాట చెబుతాను. కొందరికి నచ్చకపోవచ్చు. నిజంగానే కొందరు ఆడవాళ్ళు రొట్టె మానుకున్నారు, వాళ్ళు మానుకుని మంచిపని చేశారు. అన్నం ఎసట్లో పడేస్తే దానంతటది ఉడుకుతుంది. ఆ కాసేపట్లో ఆమె బిడ్డకు జడ వేస్తుంది, పశువుకు గడ్డి వేస్తుంది, రెండు నిమిషాలు ఊరికే కూర్చుంటుంది. రొట్టె అలా కాదు. చివరి రొట్టె దాకా పొయ్యి ముందు కట్టేసినట్టే. అన్నం కుండ ఆమె చేతులు విడిచిపెట్టింది. అది మామూలు విముక్తి కాదు. నడుము నొప్పితో, పొగకు మండే కళ్ళతో ఇసుర్రాయిని అటక మీదికి ఎక్కించిన మా అవ్వల తరం సంప్రదాయానికి ద్రోహం చేయలేదు. వాళ్ళు తమ పని గంటలు తగ్గించుకున్నారు. కార్మికులు ఆ పని చేస్తే మేడే జరుపుకుంటాం.

అయినా ఎంత తగ్గాయి? జాతీయ గణాంక కార్యాలయం 2019లో జరిపిన కాల వినియోగ సర్వేలో, కూలి లేని ఇంటిపనులు చేసిన వాళ్ళలో ఆడవాళ్ళు రోజుకు సగటున 299 నిమిషాలు, మగవాళ్ళు 97 నిమిషాలు ఖర్చుపెట్టారని తేలింది. 2024 సర్వేలో ఆడవాళ్ళకు 289, మగవాళ్ళకు 88. ఆడవాళ్ళకు పది నిమిషాలు తగ్గాయని సంతోషించే లోపు మగవాళ్ళు తొమ్మిది నిమిషాలు తగ్గించుకున్నారు. ఇలాంటి ఇళ్ళల్లోకి "ఆరోగ్యం కోసం" రొట్టె తిరిగి వస్తే ఆ నిమిషాలు ఎవరి ఖాతాలో పడతాయో చెప్పడానికి సర్వే అక్కర్లేదు. షుగర్ ఆయనకు, చాకిరి ఆమెకు. షుగర్ ఆమెకే వస్తే? తన రొట్టె కూడా తనే కొట్టుకోవాలి, మిగతావాళ్ళకు అన్నం వేరే వండాలి.

మన వైపు నుంచీ ఒక మాట అనుకోవాలి. విమల 'వంటిల్లు' కవిత వచ్చినప్పుడు తెలుగు స్త్రీవాదం వంటగదిని రాజకీయం చేసింది. అది గొప్ప మలుపు. ఆ వంటింటికి నాలుగు గోడలున్నాయి. గోడలే లేని వంట సంగతి, పొలం నుంచి పొయ్యికి, పొయ్యి నుంచి దొర ఇంటి వాకిలికి నడిచే ఆడవాళ్ళ సంగతి 2003లో గోగు శ్యామల సంపాదకత్వంలో వచ్చిన 'నల్లపొద్దు'తో బలంగా ముందుకొచ్చింది. జొన్నరొట్టె ఈ రెండిటి మధ్య ఉంది. రెడ్డి ఇంట్లో కొట్టే రొట్టె, మాదిగ ఇంట్లో కొట్టే రొట్టె ఒకే పిండితో అవుతాయి. కానీ ఒకామె జొన్న సొంత గాదెలోది, ఇంకొకామె జొన్న కూలికి కొలిచిచ్చింది. ఈ తేడా చెప్పకుండా "స్త్రీల జ్ఞానం" అని ఊరికే పొంగిపోతే మనమూ పూర్వీకుల పాటే పాడినట్టు.

రొట్టె వద్దని నేను అనడం లేదు. పుంటికూర పప్పుతో వేడి రొట్టె నాకూ ఇష్టమే. "ప్రేమతో చేసే పనికి కూడా కూలి లెక్క కడతారా?" అని అడిగే వాళ్ళకి ఒకటే జవాబు. ప్రేమ అయితే నువ్వూ చెయ్యి. పిండి మగచేతికి అంటుకోదని ఏ శాస్త్రమూ చెప్పలేదు. తందూరు ముందు పొద్దంతా నిలబడే చేతులు పెంక ముందు కూర్చోలేవా?

దారులు లేకపోలేదు. జహీరాబాద్ ప్రాంతంలో డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ మహిళా సంఘాలు, ఎక్కువమంది దళిత స్త్రీలు, పడావు పడ్డ భూముల్లో జొన్న పండించి, 1990లలోనే తమ ఊళ్ళల్లో జొన్నతో సొంత రేషన్ నడిపారు. విత్తనం, పంట, ధర అన్నీ వాళ్ళ నిర్ణయాలే. 2019లో ఐక్యరాజ్యసమితి అభివృద్ధి కార్యక్రమం ఈక్వేటర్ బహుమతి వాళ్ళకు వచ్చింది. మాకు పక్కనే కర్ణాటక కలబురగిలో స్త్రీల సంఘాలు జొన్నరొట్టెను తమ సరుకుగా అమ్ముతున్నాయి. హైదరాబాదు రోడ్ల పక్కన సాయంత్రం పూట రొట్టెలు కొట్టి అమ్మే ఆడవాళ్ళున్నారు. అక్కడ రొట్టెకు ధర ఉంది. ధర ఉన్నచోట ఎవరూ దాన్ని స్వభావం అనరు.

కాబట్టి రొట్టె పుట్టుక గురించి వ్యాసం అడిగే వాళ్ళకి నేను కొన్ని షరతులు పెడుతున్నాను. జొన్నకు మద్దతు ధర కాగితం మీద ప్రకటించి ఊరుకోకుండా, ప్రభుత్వం వరి కొన్నట్టు జొన్న కూడా కొనాలి. రేషన్‌లో బియ్యంతోపాటు జొన్న కావాలన్న వాళ్ళకి ఇవ్వాలి. హాస్టళ్ళలో, బడుల్లో రొట్టె పెడితే దాన్ని కొట్టే ఆడవాళ్ళకు నెలజీతం ఇవ్వాలి, గౌరవ వేతనం అనే అగౌరవం వద్దు. తెలుగు శాఖలు చాటువు పాఠం చెప్పినప్పుడు కవి పేరుతోపాటు వండినామె ప్రశ్న కూడా పరీక్షలో అడగాలి. ఇవి జరిగాక, ఆహారోత్సవంలో ఏ రాజు ఫొటో పెట్టాలా అని కూర్చుని మాట్లాడుకుందాం.

రొట్టెకు తండ్రి లేడు. వెతక్కండి. తల్లులున్నారు, లక్షల్లో. ముందు వాళ్ళ బాకీ తీర్చండి.